డీఎల్ఎల్ మిస్సింగ్ అంటోందా? మీ ప్రశ్నలు, మా జవాబులు

ఈసారి వచ్చిన ప్రశ్నల్లో సగానికి పైగా ఒకే రకం. ఏదో ప్రోగ్రామ్ మీద డబుల్ క్లిక్ చేస్తారు, అది తెరుచుకోదు, ఫలానా ఫైల్ మిస్సింగ్ అని ఒక బాక్స్ వస్తది, అక్కడితో పని ఆగిపోతది. అందుకే ఈ నెల కాలమ్ మొత్తం దానికే ఇచ్చేశాం. పేర్లు వెయ్యొద్దని చాలామంది అడిగారు కాబట్టి ఊరు, చేసే పని మాత్రమే వేస్తున్నాం.

ప్రశ్న: సార్, నాకు చిన్న ఫొటో స్టూడియో ఉంది, పెళ్లి ఆల్బమ్ డిజైన్ చేసే సాఫ్ట్‌వేర్ ఒకటి కొత్త సిస్టమ్‌లో వేస్తే ఓపెన్ అవ్వట్లేదు, ఎంఎస్‌వీసీపీ140.డీఎల్ఎల్ వాజ్ నాట్ ఫౌండ్ అంటోంది, ఓకే కొడితే వీసీరన్‌టైమ్140.డీఎల్ఎల్ అని ఇంకోటి. పాత సిస్టమ్‌లో ఇదే సెటప్ బానే పనిచేసింది. నెట్‌లో వెతికితే ఆ ఫైళ్లు ఫ్రీగా ఇచ్చే సైట్లు బోలెడు కనిపించాయి, డౌన్‌లోడ్ చేసి విండోస్ సొంత ఫోల్డర్ సిస్టమ్32లో పడెయ్యమంటున్నారు. చెయ్యొచ్చా? సీజన్ టైమ్, పని ఆగిపోయింది.
ఫొటో స్టూడియో యజమాని, కాకినాడ

జవాబు: వద్దండీ, ఆ సైట్ల జోలికి వెళ్లకండి. ఎందుకో కొంచెం వివరంగా చెప్తా, ఇది ఒక్కసారి బుర్రకెక్కితే ఈ పేజీలో మిగతా ప్రశ్నలు కూడా సగం విడిపోతాయి.

ప్రోగ్రామ్ రాసేవాళ్లు ప్రతిదీ మొదటి నుంచీ రాసుకోరు. విండో గీయడం, ఫైల్ తెరవడం, లెక్కలు కట్టడం, అక్షరాలు పోల్చడం లాంటి అందరికీ కావాల్సిన పనులు ముందే రాసి విడి ఫైళ్లలో పెట్టేసి ఉంటాయి, ప్రోగ్రామ్ స్టార్ట్ అయ్యేటప్పుడు వాటిని పిలుచుకుని వాడుకుంటది. ఊళ్లలో పెళ్లి వంటకి కావాల్సిన గుండిగలు, గంగాళాలు ఇంటింటా కొనిపెట్టుకోకుండా గుళ్లోనో సంఘం గదిలోనో ఉంచేవాళ్లు, ఎవరింట్లో పెళ్లయితే వాళ్లు తెచ్చుకునేవాళ్లు, అలాంటి ఏర్పాటే ఇది. ఈ ఫైళ్లనే లైబ్రరీలు అంటారు. విండోస్‌లో వీటి పేరు చివర డీఎల్ఎల్ అని ఉంటది, లినక్స్‌లో ఎస్ఓ, మ్యాక్‌లో డైలిబ్. 1985లో విండోస్ మొదటి వెర్షన్ వచ్చినప్పటి నుంచే ఈ పద్ధతి ఉంది, అప్పటి మెషీన్‌కి 256 కేబీ మెమరీ ఉంటే చాలు అనేవాళ్లు, అంత ఇరుకులో ప్రతి ప్రోగ్రామూ తన కాపీ తనే పెట్టుకుంటే పక్కన రెండోది నడిచే చోటే ఉండేది కాదు.

ఇక మీ సంగతి. మీకు లేవంటున్న రెండూ మైక్రోసాఫ్ట్ విజువల్ సీ ప్లస్ ప్లస్ అనే కంపైలర్‌తో (రాసిన ప్రోగ్రామ్‌ని మెషీన్ నడిపే రూపంలోకి మార్చే టూల్) పాటు వచ్చే ఫైళ్లు. మీ ఆల్బమ్ సాఫ్ట్‌వేర్ రాసినవాళ్లు ఆ కంపైలర్ వాడారు, కాబట్టి ఆ లైబ్రరీలు మీ సిస్టమ్‌లో ఉండాల్సిందే. మామూలుగా అయితే సెటప్‌తోనే కలిపి వేస్తారు, మీకు వచ్చిన సెటప్‌లో ఆ భాగం లేకపోయి ఉంటది. పాత సిస్టమ్‌లో ఎలా నడిచిందంటే వేరే ఏదో సాఫ్ట్‌వేర్ వేసినప్పుడు ఆ లైబ్రరీలు అప్పటికే వచ్చి కూర్చున్నాయి, దాని పుణ్యాన ఇదీ నడిచింది.

చేయాల్సింది ఇదీ. మైక్రోసాఫ్ట్ సొంత సైట్‌లో విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ అని వెతకండి. 2015, 2017, 2019, 2022 నాలుగు వెర్షన్లకీ కలిపి ఒకటే ప్యాకేజీ. అందులో ఎక్స్86 (32 బిట్‌ది), ఎక్స్64 (64 బిట్‌ది) అని రెండు ఉంటాయి, మీది 64 బిట్ విండోస్ అయినా సరే రెండూ వేసెయ్యండి, ఎందుకంటే ఏది కావాలన్నది మీ విండోస్‌ని బట్టి ఉండదు, ఆ సాఫ్ట్‌వేర్ 32 బిట్‌దా 64 బిట్‌దా అన్నదాన్ని బట్టి ఉంటది. వేశాక ఒకసారి రీస్టార్ట్ చేస్తే సరిపోద్ది.

ఈ ఫైళ్ల పేర్లలో నంబరే అడ్రస్. 140 అంటే ఇప్పుడు చెప్పిన ప్యాకేజీ. 120 అని ఉంటే 2013ది, 110 అయితే 2012ది, 100 అయితే 2010ది, 90 అయితే 2008ది, 80 అయితే 2005ది. ఇవి ఒకదాని బదులు ఒకటి పనికిరావు, 2022ది వేసుకున్నాం కదా అని ఎంఎస్‌వీసీఆర్100 అడిగేవాడికి అది సరిపోదు, 2010 ప్యాకేజీ విడిగా వెయ్యాల్సిందే. కంట్రోల్ ప్యానెల్‌లో ఇవి పదో పన్నెండో వరసగా కనిపిస్తే చోటు వృథా అని తీసెయ్యకండి ప్లీజ్, చాలామందికి ఈ ఎర్రర్ మొదలయ్యేది అక్కడే. ఇంకో మాట, వీసీరన్‌టైమ్140_1 అని చివర ఒక అంకె ఎక్కువున్న ఫైల్ అడిగితే మీ దగ్గరున్న ప్యాకేజీ 2019 కంటే పాతది అని అర్థం, కొత్తది వేస్తే అదీ వచ్చేస్తది.

విడి ఫైళ్లు ఇచ్చే సైట్లు ఎందుకు వద్దంటున్నానంటే, డీఎల్ఎల్ అంటే బొమ్మో డాక్యుమెంటో కాదు, నడిచే కోడ్. దాన్ని లోడ్ చేసుకున్న ప్రోగ్రామ్‌కి ఏ అధికారాలుంటే దానికీ అవే వస్తాయి. ఆ ఫైల్ ఎవరు పెట్టారో, మధ్యలో ఏం కలిపారో మీకు తెలీదు. ఒకవేళ అసలు ఫైలే అయినా ఒక్కటి తెచ్చి పెడితే అది ఇంకో మూడింటిని అడుగుతది, మీకు రెండో ఎర్రర్ వచ్చింది చూశారా, అదే కథ. పైగా చేత్తో పెట్టిన ఫైల్‌కి తర్వాత సెక్యూరిటీ అప్‌డేట్లు రావు. ఎప్పుడైనా సరే ముందు ఆ ఫైల్ ఏ ప్యాకేజీలోదో కనుక్కోండి, ఆ ప్యాకేజీని తయారుచేసినవాళ్ల దగ్గరే తీసుకోండి. ఈ పేజీలో నేను గట్టిగా చెప్పదల్చుకున్నది ఇదొక్కటే.

అడిగిన ఫైల్ విండోస్ సొంత ఫైల్ అయితే దానికి డౌన్‌లోడ్ ఏమీ అక్కర్లేదు. కమాండ్ ప్రాంప్ట్‌ని అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి ఎస్ఎఫ్‌సీ అని కొట్టి, స్పేస్ ఇచ్చి, స్లాష్ పెట్టి స్కాన్‌నౌ అని కొట్టండి. పాడైన సిస్టమ్ ఫైళ్లని అదే సరిచేస్తది. దానివల్ల కాలేదంటే డిస్మ్ కమాండ్‌ని రీస్టోర్‌హెల్త్ ఆప్షన్‌తో నడిపి మళ్లీ ఎస్ఎఫ్‌సీ నడపండి.

ప్రశ్న: నమస్తే సార్. మా మిల్లుల పాత బిల్లింగ్ సాఫ్ట్‌వేర్ ఉంది, లోకల్‌గ ఒకాయన చాలా ఏండ్ల కింద చేసిచ్చిండు, ఇప్పుడాయన దొరుకుతలేడు. విండోస్ 7 సిస్టమ్ కరాబైతే విండోస్ 11 కొన్నం, ఫోల్డర్ మొత్తం కాపీ చేస్తే ఎంఎస్‌కామ్‌సీటీఎల్.ఓసీఎక్స్ నాట్ కరెక్ట్‌లీ రిజిస్టర్డ్ అంటుంది. లెక్కలన్నీ అందులనే ఉన్నయి. కొత్త సాఫ్ట్‌వేర్ కొనుడే గతి అని షాపాయన అంటున్నడు. నిజమేనా?
రైస్ మిల్లు గుమస్తా, మిర్యాలగూడ

జవాబు: తొందరపడి ఏమీ కొనకండి, ముందు ఆ ఫోల్డర్ మొత్తాన్ని రెండు పెన్‌డ్రైవుల్లో కాపీ చేసి ఒకటి ఇంట్లో పెట్టండి. లెక్కలు భద్రం అయ్యాక మిగతాది నిదానంగా చూసుకోవచ్చు.

మీ సాఫ్ట్‌వేర్ విజువల్ బేసిక్ 6లో రాసింది, ఆ ఎర్రర్‌తోనే తెలిసిపోతోంది. 1998లో వచ్చిన భాష అది, మన దగ్గర రైస్ మిల్లులు, చిట్‌ఫండ్లు, మెడికల్ షాపులు, స్కూల్ ఫీజు కౌంటర్లు ఇప్పటికీ దాని మీద నడుస్తున్నాయి, రాసినవాళ్లు వేరే ఉద్యోగాల్లోకి వెళ్లిపోయారు గానీ సాఫ్ట్‌వేర్ మాత్రం రోజూ బిల్లు కొడుతూనే ఉంది. దానికి కావాల్సిన అసలు ఇంజను, ఎంఎస్‌వీబీవీఎం60 అనే డీఎల్ఎల్, విండోస్ 11లో కూడా ముందే ఉంటది, మైక్రోసాఫ్ట్ ఇంకా ఇస్తోంది. లేనివల్లా ఓసీఎక్స్ ఫైళ్లు, అంటే స్క్రీన్ మీద లిస్టులు, టూల్‌బార్లు, గ్రిడ్లు గీసే ముక్కలు. అవి సాఫ్ట్‌వేర్ చేసినాయన సెటప్‌లో కలిపి ఇవ్వాలి. మీరు ఫోల్డర్ కాపీ చేశారు గానీ ఆ ముక్కలు పాత సిస్టమ్ విండోస్ ఫోల్డర్‌లో ఉండిపోయాయి.

అసలు సీడీ గానీ సెటప్ గానీ బీరువాలో ఎక్కడైనా ఉంటే ముందు అది నడిపి చూడండి, ఎక్కువసార్లు దాంతోనే అయిపోతది. లేకపోతే మైక్రోసాఫ్ట్ సైట్‌లో విజువల్ బేసిక్ 6.0 సర్వీస్ ప్యాక్ 6 క్యుములేటివ్ అప్‌డేట్ అని ఉంది, అందులో ఈ ఓసీఎక్స్ వస్తది. పాత సిస్టమ్ హార్డ్ డిస్క్ బతికుంటే అందులోంచి కూడా తీసుకోవచ్చు గానీ అప్‌డేట్‌లోదే మేలు అంటాను, ఎందుకంటే ఈ ఎంఎస్‌కామ్‌సీటీఎల్‌లో 2012లో ఒక పెద్ద సెక్యూరిటీ లోపం బయటపడింది, వర్డ్ ఫైల్ మెయిల్లో పంపి సిస్టమ్‌లోకి దూరడానికి దాన్ని తెగ వాడారు. పాత కాపీ పెడితే ఆ లోపం కూడా తిరిగొస్తది.

చేత్తో పెట్టాల్సి వస్తే ఒక మెలిక ఉంది, ఇక్కడే అందరూ బోల్తా పడతారు. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 అనే ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు, 32 బిట్ ఫైళ్లు ఉండేది సిస్‌వావ్64 అనే ఫోల్డర్‌లో. పేర్లు చూస్తే తిరగేసి పెట్టినట్టుంటాయి గానీ నిజం ఇదే. మీ సాఫ్ట్‌వేర్ 32 బిట్ కాబట్టి ఓసీఎక్స్‌ని సిస్‌వావ్64లో పెట్టి, అడ్మినిస్ట్రేటర్ కమాండ్ ప్రాంప్ట్‌లో ఆ ఫోల్డర్‌లోకే వెళ్లి అక్కడున్న రెగ్‌సర్వ్32 కమాండ్‌తో రిజిస్టర్ చెయ్యాలి, అంటే ఆ ఫైల్ ఇక్కడుందని విండోస్‌లో నమోదు చెయ్యాలి. సక్సీడెడ్ అని బాక్స్ వస్తే అయినట్టే.

తర్వాత ఇంకో ఓసీఎక్స్ అడగొచ్చు, కామ్‌డీఎల్‌జీ32, ఎంఎస్‌ఫ్లెక్స్‌గ్రిడ్ అలాంటివి, కంగారు పడకండి, ఇదే పద్ధతి. బిల్లు ప్రింట్ కొట్టేటప్పుడు క్రాక్స్‌డీఆర్‌టీ.డీఎల్ఎల్ అని అడిగితే అది క్రిస్టల్ రిపోర్ట్స్ అనే రిపోర్టులు తయారుచేసే సాఫ్ట్‌వేర్‌ది, దానికి రన్‌టైమ్ విడిగా వెయ్యాలి. ఆ పాత సెటప్ మరీ విండోస్ 3.1 కాలం నాటి 16 బిట్‌ది అయితే మాత్రం 64 బిట్ విండోస్ మీద అసలు లేవదు, అప్పుడు వర్చువల్ మెషీన్‌లో, అంటే సిస్టమ్ లోపలే ఇంకో సిస్టమ్‌లా నడిచే సాఫ్ట్‌వేర్‌లో, పాత 32 బిట్ విండోస్ పెట్టి, ఆ మెషీన్‌కి ఇంటర్నెట్ తీసేసి, అందులో నడుపుకోండి.

ప్రశ్న: సార్, నేను బీటెక్ సెకండ్ ఇయర్. సీ ప్లస్ ప్లస్‌లో మినీ ప్రాజెక్ట్ చేశాను, ఎడిటర్‌లోంచి రన్ కొడితే సూపర్‌గా వస్తుంది, అదే ఈఎక్స్ఈని డబుల్ క్లిక్ చేస్తే లిబ్‌ఎస్‌టీడీసీ++-6.డీఎల్ఎల్ మిస్సింగ్ అంటుంది. ఫ్రెండ్ ల్యాప్‌టాప్‌లో ఇంకో రకం ఎర్రర్, ఎంట్రీ పాయింట్ నాట్ ఫౌండ్ అని పొడుగ్గా ఏవో అక్షరాలు. సోమవారం సబ్మిషన్ ఉంది.
విద్యార్థిని, నరసరావుపేట

జవాబు: కంగారేం లేదమ్మా, ఇది పది నిమిషాల పని. నువ్వు వాడుతున్న కంపైలర్ మింగ్‌డబ్ల్యూ. దాని లైబ్రరీలు దాని బిన్ ఫోల్డర్‌లోనే ఉంటాయి. ఎడిటర్‌లోంచి రన్ కొట్టినప్పుడు ఎడిటర్ ఆ ఫోల్డర్‌ని పాత్‌లో, అంటే విండోస్ వెతికే ఫోల్డర్ల జాబితాలో, పెట్టి నీ ప్రోగ్రామ్‌ని పిలుస్తది కాబట్టి దొరుకుతాయి, డబుల్ క్లిక్ చేస్తే ఆ సాయం ఉండదు.

విండోస్ ఒక డీఎల్ఎల్ కోసం వెతికే వరస తెలుసుకుంటే ఇలాంటివి నువ్వే పట్టేస్తావు, ల్యాబ్‌లో పదిమందికి చెప్పగలవు కూడా. మామూలుగా ముందు ఈఎక్స్ఈ ఉన్న ఫోల్డర్‌లో చూస్తది, తర్వాత సిస్టమ్ ఫోల్డర్, విండోస్ ఫోల్డర్, తర్వాత ప్రోగ్రామ్ ప్రస్తుతం పనిచేస్తున్న ఫోల్డర్, ఆఖర్న పాత్‌లో రాసున్న ఫోల్డర్లు ఒక్కోటీ. మొదట ఎక్కడ దొరికితే అక్కడితో ఆగిపోతది, అది సరైన వెర్షనా కాదా అని ఆలోచించదు. నీ ఫ్రెండ్ ల్యాప్‌టాప్‌లో జరిగింది అదే. అక్కడ ఇంకేదో టూల్ వేసుకున్నప్పుడు దాంతో పాటు పాత లిబ్‌ఎస్‌టీడీసీ++ ఒకటి వచ్చి పాత్‌లో ముందు కూర్చుంది, నీ ప్రోగ్రామ్ దాన్ని తీసుకుంది, అందులో నీకు కావాల్సిన ఫంక్షన్ లేదు, అందుకే ఎంట్రీ పాయింట్ నాట్ ఫౌండ్. కమాండ్ ప్రాంప్ట్‌లో వేర్ అని కొట్టి పక్కన ఆ డీఎల్ఎల్ పేరిస్తే పాత్‌లో ఎన్ని కాపీలున్నాయో, ఏది ముందుందో వరసగా చూపిస్తది.

రెండు దార్లు. ఒకటి, మింగ్‌డబ్ల్యూ బిన్ ఫోల్డర్‌లోంచి ఆ డీఎల్ఎల్‌ని, దాంతో పాటు లిబ్‌జీసీసీ_ఎస్‌తో మొదలయ్యేది, లిబ్‌విన్‌పీత్రెడ్-1 అనేది, మూడింటినీ నీ ఈఎక్స్ఈ పక్కన కాపీ చేసి ఫోల్డర్‌గా ఇవ్వడం. రెండు, కంపైల్ చేసేటప్పుడు చివర మైనస్ పెట్టి స్టాటిక్ అని ఆప్షన్ ఇవ్వడం, అప్పుడు ఆ లైబ్రరీ కోడ్ నీ ఈఎక్స్ఈ లోపలికే వచ్చేస్తది, సైజు పెరుగుద్ది గానీ ఒక్క ఫైల్ ఇస్తే చాలు. సబ్మిషన్‌కి నేనైతే రెండోదే చేస్తా.

ప్రశ్న: అన్నా, పాత గేమ్ ఒకటి వేస్తే డీ3డీఎక్స్9_43.డీఎల్ఎల్ లేదంటోంది. నాది డైరెక్ట్ఎక్స్ 12, మరి 9ది ఎందుకు అడుగుతోంది? యూట్యూబ్‌లో చూసి ఫైల్ తెచ్చి పెడితే ఇప్పుడు 0ఎక్స్‌సీ000007బీ అని వస్తోంది.
ఇంటర్ విద్యార్థి, హన్మకొండ

జవాబు: తమ్ముడూ, ముందు ఆ తెచ్చిపెట్టిన ఫైల్ తీసెయ్, తీసేసి డిఫెండర్‌తో ఫుల్ స్కాన్ పెట్టు. నీకొచ్చిన కోడ్‌కి మామూలుగా అర్థం 32 బిట్ ప్రోగ్రామ్‌కి 64 బిట్ డీఎల్ఎల్ దొరికింది అని, లేదా దానికి తిరగేసి. తప్పు రకం తప్పు ఫోల్డర్‌లో పెట్టావన్నమాట.

డైరెక్ట్ఎక్స్ అంటే గేములకి గ్రాఫిక్స్, సౌండ్ అందించే మైక్రోసాఫ్ట్ లైబ్రరీల గుంపు. అందులో 12 ఉందంటే 9లో ఉన్న చిన్న చిన్న సహాయక లైబ్రరీలన్నీ ఉన్నట్టు కాదు. డీ3డీఎక్స్9 ఫైళ్లు 24 నుంచి 43 దాకా నంబర్లతో విడివిడిగా వచ్చాయి, అవి విండోస్‌లో భాగంగా రావు, ఒక్కో గేమ్ ఒక్కో నంబర్ అడుగుద్ది. మైక్రోసాఫ్ట్ సైట్‌లో డైరెక్ట్ఎక్స్ ఎండ్ యూజర్ రన్‌టైమ్స్, జూన్ 2010 అని ఉంటది, అది వేస్తే అన్నీ ఒకేసారి వస్తాయి, గేమ్ కంట్రోలర్‌కి కావాల్సిన ఎక్స్‌ఇన్‌పుట్1_3 కూడా అందులోనే ఉంది. నీ 12ని అది ముట్టుకోదు.

ప్రశ్న: మాది జిరాక్స్, ఇంటర్నెట్ సెంటర్. సిస్టమ్ ఆన్ చేసిన ప్రతిసారీ రన్‌డీఎల్ఎల్ అని బాక్స్ వచ్చి ద స్పెసిఫైడ్ మాడ్యూల్ కుడ్ నాట్ బి ఫౌండ్ అంటోంది, ఫైల్ పేరు ఏదో పిచ్చి అక్షరాలు. ఏ సాఫ్ట్‌వేర్ రీఇన్‌స్టాల్ చెయ్యాలో తెలీడం లేదు.
ఇంటర్నెట్ సెంటర్ నిర్వాహకుడు, అనంతపురం

జవాబు: మీరు ఏదీ ఇన్‌స్టాల్ చెయ్యక్కర్లేదు, ఆ ఫైల్ పోవడమే మీకు మంచిదైంది. కస్టమర్ల పెన్‌డ్రైవులు రోజంతా పెట్టే చోట ఇది మామూలే. పేరు పిచ్చి అక్షరాలతో ఉండి, యూజర్ల ఫోల్డర్‌లోనో యాప్‌డేటాలోనో ఉన్నట్టు చూపిస్తే అది చాలావరకు వైరస్ తాలూకు డీఎల్ఎల్. యాంటీవైరస్ ఫైల్‌ని తీసేసింది గానీ బూట్ అవ్వగానే దాన్ని నడపమని రాసిపెట్టిన లైను మిగిలిపోయింది.

మైక్రోసాఫ్ట్ వాళ్ల సిస్‌ఇంటర్నల్స్‌లో ఆటోరన్స్ అనే ఫ్రీ టూల్ ఉంది, అడ్మినిస్ట్రేటర్‌గా తెరవండి. ఫైల్ లేని ఎంట్రీలు పసుపు రంగులో కనిపిస్తాయి, మీ బాక్స్‌లో వచ్చిన పేరు వెతికి ముందు టిక్ తీసి రీస్టార్ట్ చేసి చూడండి, బాక్స్ రాకపోతే అప్పుడు డిలీట్ చెయ్యండి. పసుపువన్నీ వరసబెట్టి తీసెయ్యొద్దు. టాస్క్ షెడ్యూలర్‌లో కూడా ఒకసారి చూడండి. ఒక ఫుల్ స్కాన్ కూడా పెట్టండి, మీ సెంటర్‌లో జనం ఆధార్, బ్యాంకు కాగితాలు తెరుస్తారు, ఆ బాధ్యత మీ మీద ఉంది.

ప్రశ్న: సార్, మా బడికి వచ్చిన పాత కంప్యూటర్లలో ఉబుంటు లినక్స్ వేసుకున్నాం, పిల్లలకి చూపించే ఒక సైన్స్ యాప్ యాప్‌ఇమేజ్‌గా, అంటే ఒకే ఫైల్‌గా, దొరికింది, నడిపితే లిబ్‌ఫ్యూజ్.ఎస్ఓ.2 లేదంటోంది. ఇంకో ప్రోగ్రామ్ లిబ్‌ఎస్ఎస్ఎల్.ఎస్ఓ.1.1 కెనాట్ ఓపెన్ షేర్డ్ ఆబ్జెక్ట్ ఫైల్ అంటోంది. మా దగ్గర లిబ్‌ఎస్ఎస్ఎల్.ఎస్ఓ.3 ఉంది, దానికే 1.1 అని లింక్ పెట్టమని ఒకరు చెప్పారు.
ప్రభుత్వ ఉపాధ్యాయుడు, శ్రీకాకుళం

జవాబు: మాస్టారూ, పాత కంప్యూటర్లని పక్కన పడెయ్యకుండా పిల్లలకి పనికొచ్చేలా చేస్తున్నారు, చాలా సంతోషం. మొదటిది తేలిక. ఉబుంటు 22.04 నుంచి లిబ్‌ఫ్యూజ్2 ముందే వేసి రావడం లేదు. టెర్మినల్‌లో సూడో ఏపీటీ ఇన్‌స్టాల్ లిబ్‌ఫ్యూజ్2 అని కొట్టండి. 24.04 అయితే ప్యాకేజీ పేరు లిబ్‌ఫ్యూజ్2టీ64. ఆ టీ64 ఎందుకంటే 32 బిట్‌లో టైమ్ లెక్క 2038 జనవరి 19న నిండిపోతది, దాన్ని 64 బిట్‌కి మార్చే పనిలో చాలా లైబ్రరీల పేర్లకి ఆ తోక తగిలించారు. జాగ్రత్త ఒకటి, చివర అంకె లేకుండా ఉత్త ఫ్యూజ్ అనే ప్యాకేజీ వెయ్యకండి, 22.04లో అది ఫ్యూజ్3ని తీసేసి డెస్క్‌టాప్‌నే పాడుచేసే ప్రమాదం ఉంది.

రెండో దానికి ఆ లింక్ మాత్రం పెట్టొద్దు. లినక్స్‌లో ఎస్ఓ తర్వాత వచ్చే అంకె అలంకారానికి పెట్టింది కాదు, ఆ అంకె మారిందంటే లోపల ఫంక్షన్లు, వాటి కొలతలు మారిపోయాయి, పాత ప్రోగ్రామ్‌కి ఇక కుదరదు అని లైబ్రరీ రాసినవాళ్లు చెప్తున్నారన్నమాట. పేరు మార్చి మోసం చేస్తే ప్రోగ్రామ్ స్టార్ట్ అవ్వకపోవచ్చు, అంతకంటే ఘోరం ఏంటంటే స్టార్ట్ అయ్యి మధ్యలో కూలొచ్చు. పైగా ఆ లిబ్‌ఎస్ఎస్ఎల్ ఫైల్ వచ్చేది ఓపెన్ఎస్ఎస్ఎల్ అనే లైబ్రరీలోంచి, నెట్‌లో వెళ్లే సమాచారాన్ని రహస్యంగా ఉంచేది అది, దాని 1.1.1కి ఉచిత సపోర్ట్ 2023 సెప్టెంబరులో ఆగిపోయింది, కాబట్టి పాత ప్యాకేజీ ఎక్కడో వెతికి పెట్టడం కూడా మంచిది కాదు. ఆ ప్రోగ్రామ్ కొత్త వెర్షన్ గానీ, స్నాప్, ఫ్లాట్‌ప్యాక్ రూపంలో గానీ ఉందేమో చూడండి, వాటిలో కావాల్సిన లైబ్రరీలు కలిసే వస్తాయి.

ఇకముందు ఏ ఎస్ఓ అడిగినా మీరే కనుక్కోవచ్చు. ఏపీటీ-ఫైల్ అనే టూల్ వేసి, ఒకసారి అప్‌డేట్ కొట్టి, ఏపీటీ-ఫైల్ సెర్చ్ అని ఆ ఫైల్ పేరిస్తే అది ఏ ప్యాకేజీలో ఉందో చెప్తది. ఒక ప్రోగ్రామ్‌కి ఏమేం కావాలో, ఏవి లేవో చూడ్డానికి ఎల్‌డీడీ కమాండ్, లేని వాటి పక్కన నాట్ ఫౌండ్ అని వస్తది. నమ్మకం లేని ఫైల్ మీద మాత్రం ఎల్‌డీడీ వాడకండి, ఒక్కోసారి అది ఆ ప్రోగ్రామ్‌నే నడిపేస్తది, దాని బదులు ఆబ్జ్‌డంప్‌కి మైనస్ పీ ఇచ్చి చూస్తే చాలు. లైబ్రరీ సిస్టమ్‌లో ఉండి కూడా దొరకట్లేదంటే సూడో ఎల్‌డీకాన్ఫిగ్ కొట్టండి, వెతికే జాబితా మళ్లీ తయారవుద్ది.

ప్రశ్న: ఇన్ని తంటాలెందుకండీ? ఇప్పుడు డిస్కులు, మెమరీ చవకే కదా, ప్రతి ప్రోగ్రామూ తనకి కావాల్సినవి తనే తెచ్చుకుంటే పోలా?
కంప్యూటర్స్ లెక్చరర్, తిరుపతి

జవాబు: మంచి ప్రశ్న మేడం, ఫ్లాట్‌ప్యాక్, యాప్‌ఇమేజ్, డాకర్ ఇవన్నీ కొంతవరకు ఆ దారే. చోటు విషయంలో మీరన్నది నిజమే. కానీ ఉమ్మడి లైబ్రరీలు ఇంకా ఉండటానికి చోటు కంటే పెద్ద కారణం సెక్యూరిటీ. 2014 ఏప్రిల్‌లో ఓపెన్ఎస్ఎస్ఎల్‌లో హార్ట్‌బ్లీడ్ అనే లోపం బయటపడింది, సర్వర్ మెమరీలో ఉన్న పాస్‌వర్డ్‌లు, తాళంచెవులు బయటివాళ్లు లాగేసుకోగలిగే లోపం. ఆ లైబ్రరీని అందరూ కలిసి వాడుకునే సిస్టమ్స్‌లో ఒక్క ప్యాకేజీ అప్‌డేట్ చేసి సర్వీసులు రీస్టార్ట్ చేస్తే దాని మీద ఆధారపడ్డ ప్రోగ్రాములన్నీ ఒకేసారి బాగుపడ్డాయి. లోపల సొంత కాపీ పెట్టుకున్నవాటికి ఒక్కోదానికీ ఒక్కో అప్‌డేట్ కోసం ఎదురుచూడాల్సొచ్చింది.

అయితే ఒక్కచోట విషం కలిస్తే అందరికీ పాకుద్ది అనేది కూడా నిజమే. 2024 మార్చి 29న బయటపడ్డ ఎక్స్‌జడ్ ఉదంతం చూడండి, లిబ్ఎల్‌జడ్ఎంఏ అనే కంప్రెషన్ లైబ్రరీ 5.6.0, 5.6.1 వెర్షన్లలో దొంగదారి పెట్టారు, కొన్ని లినక్స్‌లలో ఎస్ఎస్‌హెచ్ సర్వర్, అంటే దూరం నుంచి లాగిన్ అవ్వనిచ్చే ప్రోగ్రామ్, వేరే లైబ్రరీ ద్వారా దీన్ని కూడా లోడ్ చేసుకుంటది, గురి దాని మీదే. లాగిన్ అర సెకను ఆలస్యం అవుతోందేంటని ఆండ్రెస్ ఫ్రాయిండ్ అనే ఇంజనీర్ తవ్వితే దొరికింది, అప్పటికి స్టేబుల్ విడుదలల్లోకి ఇంకా చాలావరకు వెళ్లలేదు. ఇంత జరిగినా నా ఓటు ఉమ్మడి పద్ధతికే, ఎందుకంటే తప్పు దొరికిన రోజున సరిదిద్దాల్సిన చోటు ఒక్కటే ఉంటది.

ప్రశ్న: నేను జర్మనీలో పీహెచ్‌డీ చేస్తున్నానండి. మా యూనివర్సిటీ సర్వర్ మీద ఒక ప్రోగ్రామ్ నడిపితే గ్లిబ్‌సీ 2.34 నాట్ ఫౌండ్ అని వస్తోంది. ఎల్‌డీడీ డాష్ డాష్ వెర్షన్ కొడితే 2.28 అని చూపిస్తోంది. నాకు రూట్, అంటే అడ్మిన్ అధికారం, లేదు. గ్లిబ్‌సీని నా హోమ్ ఫోల్డర్‌లో పెట్టుకుని ఎల్‌డీ_లైబ్రరీ_పాత్ మార్చుకోవచ్చా?
పరిశోధక విద్యార్థి, జర్మనీ

జవాబు: ఎల్‌డీ_లైబ్రరీ_పాత్ అంటే లైబ్రరీల్ని ముందు ఎక్కడ వెతకాలో చెప్పే సెట్టింగ్. మామూలు లైబ్రరీలకి ఆ చిట్కా బాగా పనిచేస్తది, లినక్స్ మూల లైబ్రరీ అయిన గ్లిబ్‌సీకి మాత్రం వద్దు. లినక్స్‌లో దాదాపు ప్రతి కమాండూ దాని మీదే కూర్చుంటది, పైగా లైబ్రరీ, దాన్ని మెమరీలోకి తెచ్చే లోడర్ రెండూ ఒకే వెర్షన్ అయ్యుండాలి. పాత్ మార్చి కొత్త గ్లిబ్‌సీ చూపిస్తే లోడర్ పాతదే ఉంటది కాబట్టి ఎల్ఎస్ లాంటి చిన్న కమాండ్ కూడా ఆ విండోలో కూలిపోతది.

గ్లిబ్‌సీ పాతవాళ్లని వదిలెయ్యదు, పాత దాని మీద కట్టిన ప్రోగ్రామ్ కొత్త దాని మీద నడుస్తది, రివర్స్‌లో నడవదు. మీది 2.28 కాబట్టి రెడ్‌హ్యాట్ లినక్స్ 8 రకం సర్వర్ అయ్యుంటది, మీ ప్రోగ్రామ్ 9 రకం మీదో ఉబుంటు 22.04 మీదో కట్టింది. సోర్స్ దొరికితే ఆ సర్వర్ మీదే కంపైల్ చేసుకోండి, అన్నిటికంటే శుభ్రమైన పద్ధతి అదే. లేదంటే కోండా అనే ప్యాకేజీ టూల్‌లో ఆ ప్రోగ్రామ్ ఉందేమో చూడండి, అక్కడి ప్యాకేజీలు కావాలనే పాత గ్లిబ్‌సీ మీద కడతారు. రెండూ కుదరకపోతే కంటైనర్, అంటే ప్రోగ్రామ్‌ని కావాల్సిన లైబ్రరీలతో కలిపి కట్టిన డబ్బా, అది తన గ్లిబ్‌సీ తనే తెచ్చుకుంటది, సర్వర్ కెర్నల్ ఒక్కటే వాడుకుంటది. యూనివర్సిటీ క్లస్టర్లలో రూట్ లేకుండా కంటైనర్లు నడిపే ఆప్‌టైనర్ చాలాచోట్ల ముందే ఉంటది, మాడ్యూల్ అవైల్ అని కొట్టి చూడండి, కనిపించకపోతే అడ్మిన్‌కి ఒక మెయిల్ పెట్టండి, అందులో ఎర్రర్ లైను మొత్తం, మీ ఎల్‌డీడీ వెర్షన్, ప్రోగ్రామ్ ఎక్కడి నుంచి తెచ్చుకున్నారో మూడూ రాయండి.